కో కేర్, బెంగ్ మీలియా ఒక్క రోజులో: కారు, గైడ్ మాట్లాడుకుని వెళ్ళడం ఎలా

కంబోడియాలో సియెం రీప్ వెళ్ళిన మనవాళ్ళు చాలామంది ఆంగ్కోర్ వాట్ దగ్గర సూర్యోదయం, బేయోన్ మొహాలు, తా ప్రోమ్ గోడల మీద చెట్ల వేళ్ళు చూసేసి ఇంక అయిపోయింది అనుకుని వచ్చేస్తారు. తప్పేం లేదు, అవి చూడాల్సినవే. కానీ ఇంకొక్క రోజు చేతిలో ఉంటే ఊరికి దూరంగా అడవుల మధ్య ఉన్న పాత ఖ్మేర్ గుళ్ళకి (ఖ్మేర్ అంటే కంబోడియా వాళ్ళ జాతి పేరు, భాష పేరు కూడా అదే) వెళ్ళండి, జనం తక్కువ, సెల్ఫీ కర్రలు తక్కువ, ఒక్కోసారి ఒక గుడి మొత్తానికి మీరూ మీ గైడూ తప్ప ఎవరూ ఉండరు. నేను రెండుసార్లు వెళ్ళా. మొదటిసారి షేరింగ్ వ్యాన్‌లో వెళ్ళి మొత్తం చెడగొట్టుకున్నా, రెండోసారి రాజమండ్రి నుంచి అమ్మానాన్న వచ్చినప్పుడు సొంతంగా కారు, గైడ్ పెట్టుకుని వెళ్ళాం, అప్పుడు తెలిసింది ఈ ట్రిప్‌లో అసలు విషయం ఏ గుడి ముందు, ఏ గుడి తర్వాత అన్నదేనని. అందుకే ఇది రాస్తున్నా.

ఏ గుళ్ళు పెట్టుకోవాలి

రెండే పెట్టుకోండి. కో కేర్, బెంగ్ మీలియా. ఏజెంట్లు అదే రోజులో బాంతియాయ్ స్రేయ్ కూడా కలిపేస్తాం, కులేన్ కొండ మీద జలపాతం కూడా చూపిస్తాం అంటారు, వినకండి. బాంతియాయ్ స్రేయ్ చిన్న గుడే కానీ గులాబీ రంగు ఇసుకరాయి మీద చెక్కిన పనికి గంటన్నర నిలబడి చూడాలనిపిస్తుంది, పైగా దాన్ని కట్టించింది రాజు కాదు, యజ్ఞవరాహుడు అనే బ్రాహ్మణ రాజగురువు, 967లో ప్రతిష్ఠ. అలాంటి దాన్ని సాయంత్రం కాళ్ళు లాగుతుండగా పావుగంటలో చూస్తే పాపం. దానికి వేరే పూట పెట్టుకోండి, ఊరికి దగ్గరే.

ప్రేహ్ విహేర్ గురించి అడుగుతారని తెలుసు. దాంగ్రేక్ కొండ అంచున, కింద లోయ, పైన శివుడి గుడి, ఫోటోల్లో చూస్తేనే ఒళ్ళు జలదరిస్తుంది. కానీ అది థాయ్‌లాండ్ సరిహద్దు మీదే ఉంది, 1962లో అంతర్జాతీయ న్యాయస్థానం గుడి కంబోడియాదే అని తీర్పు చెప్పినా గొడవ తీరలేదు, 2025లో మళ్ళీ రెండు సైన్యాల మధ్య కాల్పులు జరిగాయి. కాబట్టి ఇప్పటికి ఆ పేరు పక్కన పెట్టండి. ఇంకో సంగతి, కో కేర్ ఉన్న ప్రావిన్సు పేరు కూడా ప్రేహ్ విహేరే, మ్యాప్‌లో ఆ పేరు చూసి కంగారు పడకండి, గుడి వేరు ప్రావిన్సు వేరు, కో కేర్ సరిహద్దు మీద లేదు. అయినా సరే బయల్దేరే వారంలో మన ఎంబసీ సూచనలు ఒకసారి చూడండి, హోటల్ వాళ్ళనీ గైడ్‌నీ అడగండి. సరిహద్దు దేశాల సంగతి, పొద్దునున్నట్టు సాయంత్రం ఉండదు.

ఎప్పుడు వెళ్ళాలి

నవంబర్ నుంచి ఫిబ్రవరి దాకా బాగుంటుంది. మార్చి, ఏప్రిల్ మన రోహిణి కార్తె ఎండలే అనుకోండి. వానాకాలంలో, అంటే జూన్ నుంచి అక్టోబర్ మధ్య, బెంగ్ మీలియా రాళ్ళ మీద పచ్చగా నాచు పట్టి అద్భుతంగా ఉంటుంది గానీ జారుతుంది, పెద్దవాళ్ళతో వద్దు.

రెండు పండగలు మాత్రం చూసుకోండి. ఏప్రిల్ మధ్యలో వాళ్ళ కొత్త సంవత్సరం, ఇంకోటి సెప్టెంబర్ అక్టోబర్ల్లో వచ్చే ప్చుమ్ బెన్. ఈ ప్చుమ్ బెన్ అంటే అచ్చం మన మహాలయ పక్షమే, భాద్రపదంలో పదిహేను రోజులు పోయిన పెద్దలకి అన్నం పెట్టడం, నెల పేరు కూడా వాళ్ళ భాషలో భద్రపదమే. చివరి మూడు రోజులు డ్రైవర్లు, గైడ్లు అందరూ సొంతూళ్ళకి పోతారు, కారు దొరకడం కష్టం, దొరికినా రేటు ఎక్కువ.

కారు వేరు, గైడ్ వేరు

ఇక్కడే మొదటిసారి నేను దెబ్బ తిన్నా. బుకింగ్‌లో "ఇంగ్లిష్ మాట్లాడే డ్రైవర్" అని ఉంటే గైడ్ కూడా ఉన్నాడనే అనుకున్నా. కాదు. డ్రైవర్ మిమ్మల్ని గేటు దగ్గర దింపి, నీళ్ళ సీసా చేతిలో పెట్టి, చెట్టు కింద ఊయల కట్టుకుని పడుకుంటాడు, అతని పని అంతే, అది తప్పు కూడా కాదు. గుడి లోపలికి వచ్చి వివరం చెప్పాలంటే టూరిజం మినిస్ట్రీ లైసెన్స్ ఉన్న గైడ్ కావాలి, మెళ్ళో కార్డు ఉంటుంది. అంటే మీకు ఇద్దరు మనుషులు కావాలి. బుక్ చేసేటప్పుడు ఈ నాలుగు ముక్కలు మెసేజ్‌లో రాసి పంపి, జవాబు కూడా మెసేజ్‌లోనే తీసుకోండి: లైసెన్స్ ఉన్న గైడ్ వేరుగా వస్తాడా, గుడి లోపలికి మాతో నడుస్తాడా, రేటులో టికెట్లు కలిసి ఉన్నాయా లేవా, పెట్రోలు టోలు కలిసాయా. ఫోన్లో "ఎస్ ఎస్" అంటారు, ఆ ఎస్‌కి అర్థం ఏదైనా కావచ్చు.

రేటు సీజన్‌ని బట్టి మారుతుంది. ఇద్దరు ముగ్గురి దగ్గర అడిగి మధ్య రేటు పట్టుకోండి. ఒక్కటి గుర్తు పెట్టుకోండి, దూరపు గుళ్ళకి కారుకీ గైడ్‌కీ కూడా ఆంగ్కోర్ రేటు కంటే ఎక్కువే అడుగుతారు, అది మోసం కాదు, రోజు మొత్తం పోతుంది, రానూపోనూ 250 కిలోమీటర్ల దాకా తిరుగుడు. నలుగురుంటే తలకి పంచుకున్నాక పెద్ద వ్యాన్ టూర్ కంటే మరీ ఎక్కువేం అవదు. టుక్‌టుక్ మీద వెళ్ళిపోదాం అనే సాహసం మాత్రం వద్దు, బెంగ్ మీలియా దాకా పోయినవాళ్ళున్నారు, దుమ్ముతో ఎర్రమట్టి బొమ్మల్లా తిరిగొచ్చారు.

గైడ్ మీకు సరిపోతాడో లేదో ముందే తెలుసుకునే చిట్కా ఒకటుంది. కో కేర్‌లో అందరూ చూసేది అక్కడి పిరమిడ్ గుడి, ప్రసాత్ చెన్ అదే చోట ఉన్న చిన్న గుడి, ఒకప్పుడు భారతం విగ్రహాలు ఉండేవి. మెసేజ్‌లో "ప్రసాత్ చెన్ కూడా చూపిస్తారా" అని అడగండి. తెలిసినవాడు వెంటనే భీముడు, దుర్యోధనుడు అంటాడు. తెలియనివాడు "పిరమిడ్ చాలా పెద్దది సార్" అంటాడు.

టికెట్ల లెక్క

ఇది కాస్త తికమక, నెమ్మదిగా చదవండి. బెంగ్ మీలియాకి ఇప్పుడు ఆంగ్కోర్ పాస్ కావాలి, ఇదివరకు వేరే చిన్న టికెట్ ఉండేది, పాత వీడియోలు చూసి మోసపోకండి. ఆంగ్కోర్ పాస్ ఒక రోజుకి 37 డాలర్లు, మూడు రోజులకి 62, ఏడు రోజులకి 72. మూడు రోజుల పాస్‌ని వరుసగా వాడక్కర్లేదు, పది రోజుల్లో ఏ మూడు రోజులైనా. కాబట్టి మూడు రోజులది తీసుకుని, రెండు రోజులు ఆంగ్కోర్‌కి, ఒకటి ఈ ట్రిప్‌కి వాడితే డబ్బులు కలిసొస్తాయి. ఒక్క బెంగ్ మీలియా కోసం 37 పెట్టడం నాకైతే మనసొప్పలేదు. పాస్ ఆన్‌లైన్‌లో కొనొచ్చు, మీ ఫోటో ఉంటుంది, ఎవరి పాస్ వాళ్ళదే.

కో కేర్‌కి వేరే టికెట్, ఆంగ్కోర్ పాస్ చెల్లదు. మేం వెళ్ళినప్పుడు మనిషికి 15 డాలర్లు, దారిలో కౌంటర్ ఉంటుంది, కారు అక్కడే ఆగుతుంది.

డాలర్ నోట్లు మాత్రం చూసుకుని తీసుకెళ్ళండి. మూల చిరిగినా, పెన్ను గీత ఉన్నా, మరీ నలిగినా వెనక్కిచ్చేస్తారు. ఒకటి, ఐదు, పది నోట్లు ఎక్కువ ఉంచుకోండి. చిల్లర వాళ్ళ రియల్స్‌లో ఇస్తారు, డాలర్‌కి నాలుగు వేల పైచిలుకు, మా నాన్న చేతిలో వేల నోట్లు చూసుకుని కాసేపు జమీందారు అయిపోయాడు.

ముందు రోజు రాత్రి

బ్యాగులో పెట్టాల్సినవి పెద్దగా లేవు. టోపీ, దోమల క్రీము, ఓఆర్ఎస్ ప్యాకెట్లు రెండు, గ్రిప్ ఉన్న బూట్లు. చెప్పులు వద్దు, మరీ ముఖ్యంగా హవాయి చెప్పులు. మోకాళ్ళు, భుజాలు కప్పే బట్టలు వేసుకోండి, అది ఆంగ్కోర్ రూలు కూడా. అమ్మ కాటన్ చీరలోనే వచ్చింది, ఏం ఇబ్బంది పడలేదు, పిరమిడ్ మెట్ల దగ్గర మాత్రం కుచ్చెళ్ళు పైకి దోపుకుంది. మార్కెట్లో క్రమా అని గళ్ళ తువ్వాలు అమ్ముతారు, అచ్చం మన గళ్ళ తుండులాగే ఉంటుంది, ఒకటి కొనండి, తలకి చుట్టుకోవచ్చు, చెమట తుడుచుకోవచ్చు, కూర్చోడానికి పరుచుకోవచ్చు. ఫోన్లో ఆఫ్‌లైన్ మ్యాప్ దింపుకోండి, దారిలో సిగ్నల్ వస్తూ పోతూ ఉంటుంది.

శాకాహారులైతే ఇంకో పని. "ఒత్ యోక్ సాచ్" అంటే మాంసం వద్దు అని, కానీ వాళ్ళ లెక్కలో చేప మాంసం కాదు, చేపల సాస్ అసలు లెక్కలోకే రాదు, ఉప్పు బదులు వేస్తారు. కాబట్టి "మాంసం వద్దు, చేప వద్దు, చేపల సాస్ వద్దు, గుడ్డు పర్లేదు" అని హోటల్ రిసెప్షన్‌లో ఖ్మేర్‌లో ఒక కాగితం మీద రాయించుకోండి. మేం అదీ చేశాం, అమ్మ కందిపొడి సీసా కూడా తెచ్చింది, చివరికి పనికొచ్చింది కందిపొడే.

పొద్దున్న ఆరింటికి: ముందు దూరం, తర్వాత దగ్గర

ఇదే అసలు కిటుకు. సియెం రీప్ నుంచి బెంగ్ మీలియా సుమారు 70 కిలోమీటర్లు, కో కేర్ ఇంకా ముందుకి, మొత్తం 120 దాకా. దారిలో ముందు వచ్చేది బెంగ్ మీలియా కాబట్టి టూర్ వ్యాన్లన్నీ అక్కడే ముందు ఆగుతాయి, తొమ్మిదిన్నర పదింటికి అక్కడ తిరునాళ్ళే. అది చూసుకుని, భోజనం చేసుకుని, ఒంటిగంటకి కో కేర్ చేరతారు, నెత్తి మీద సూర్యుడు, ఎదురుగా 36 మీటర్ల పిరమిడ్, నీడ లేదు. మొదటిసారి నేను అలాగే వెళ్ళి సగం ఎక్కి కళ్ళు తిరిగి దిగిపోయా.

కాబట్టి డ్రైవర్‌కి ముందు రోజే చెప్పండి, దారిలో బెంగ్ మీలియా వచ్చినా ఆపొద్దు, నేరుగా కో కేర్ పోనీ అని. ఆరింటికి బయల్దేరితే ఎనిమిదిన్నర లోపు అక్కడుంటారు. పిరమిడ్ చల్లటి పూట ఎక్కేస్తారు. మధ్యాహ్నం రెండింటికి బెంగ్ మీలియా, అది చెట్ల నీడలో ఉన్న గుడి, ఆ టైంకి పొద్దుటి వ్యాన్లన్నీ వెళ్ళిపోయి ఉంటాయి, పైగా అక్కడి నుంచి ఊరు గంటన్నర లోపే, అలిసిపోయాక మిగిలిన ప్రయాణం చిన్నదన్నమాట. డ్రైవర్ "దారిలోదేగా, ముందు చూసేయండి" అంటాడు, మాక్కూడా అన్నాడు. అన్నట్టు డ్రైవర్‌ని పిలవాలంటే "బాంగ్" అనండి, మనం అన్నా, అక్కా అన్నట్టే, పెద్దవాళ్ళని ఎవరినైనా అనొచ్చు. బాంగ్ అని పిలిచి అడిగితే ఎక్కువసేపు వాదించరు.

హోటల్లో టిఫిన్ ఆరింటికి దొరకదు, రాత్రే చెప్తే డబ్బాలో కట్టిస్తారు. ఆరో నంబర్ హైవే మీద పోతుంటే రోడ్డు పక్కన వెదురు గొట్టాల్లో కాల్చిన జిగురన్నం అమ్ముతుంటారు, క్రలాన్ అంటారు, బియ్యంలో కొబ్బరిపాలు, గింజలు వేసి గొట్టంలో పెట్టి నిప్పుల మీద కాలుస్తారు, అరటితొక్క ఒలిచినట్టు వెదురు ఒలుచుకుని తినడమే. మాంసం ఉండదు. నాలుగు కొనుక్కోండి. దామ్‌డెక్ అనే ఊళ్ళో కారు ఎడమకి, ఉత్తరానికి తిరుగుతుంది, అక్కడి నుంచి వరిచేలు, చేల గట్ల మీద తాటిచెట్లు, కొన్ని చోట్ల కోనసీమా కంబోడియానా తేడా తెలీదు. నాన్న కిటికీలోంచి చూస్తూ "ఇక్కడా తాడి దింపుతారా" అని మొదటి ప్రశ్న. దింపుతారు, బెల్లం కూడా కాస్తారు.

కో కేర్‌లో ఏది ముందు

ముందు రెండు ముక్కలు కథ తెలిస్తే అక్కడ చూసేది అర్థమవుతుంది. నాలుగో జయవర్మ అనే రాజు రాజధానిని ఆంగ్కోర్ నుంచి ఇక్కడికి తెచ్చేశాడు. 928 నుంచి 944 దాకా, పదహారేళ్ళు మాత్రమే ఇది రాజధాని. శాసనాల్లో దీని పేరు చోక్ గర్గ్యార్, లింగపురం అని కూడా అంటారు. ఆ కొద్ది ఏళ్ళలోనే పదుల సంఖ్యలో గుళ్ళు, ఒక పెద్ద చెరువు, ఆ పిరమిడ్ కట్టారు. తర్వాత వచ్చిన రాజేంద్రవర్మ మళ్ళీ ఆంగ్కోర్‌కి వెళ్ళిపోయాడు, ఇది అడవిలో కలిసిపోయింది. 2023లో యునెస్కో జాబితాలో చేరింది.

గుళ్ళ పేర్లు కష్టంగా అనిపిస్తాయి, నిజానికి తేలిక. ప్రసాత్ అంటే మన ప్రాసాదమే. థోమ్ అంటే పెద్ద, ప్రామ్ అంటే ఐదు, క్రహామ్ అంటే ఎరుపు. అంటే ప్రసాత్ ప్రామ్ ఐదు గోపురాల గుడి, ప్రసాత్ క్రహామ్ ఎర్ర గుడి.

ముందు వచ్చేది ప్రసాత్ ప్రామ్. ఇటుక గుళ్ళ మీద చెట్ల వేళ్ళు జడలు విరబోసినట్టు దిగి ఉంటాయి. తా ప్రోమ్ దగ్గర ఫోటో కోసం క్యూ కడతాం కదా, ఇక్కడ క్యూ లేదు. ఇరవై నిమిషాలు చాలు, పొద్దుటి వెలుతురు వేళ్ళ మీద పడేటప్పుడు బాగుంటుంది.

తర్వాత నేరుగా ప్రసాత్ థోమ్. ముందు ఎర్ర ఇటుకల ప్రసాత్ క్రహామ్ దాటాలి, ఇందులో ఒకప్పుడు ఐదు తలల నాట్య శివుడి భారీ విగ్రహం ఉండేది, ముక్కలు ముక్కలుగా దొరికింది. ఆగి గైడ్‌ని అడిగి తెలుసుకోండి. అక్కడి నుంచి గుళ్ళు, గోడలు, రాతి కిటికీలు ఒకదాని వెనక ఒకటి దాటుకుంటూ పోతే ఒక్కసారిగా ఖాళీ మైదానం, దాని చివర ఏడు అంతస్తుల పిరమిడ్. ఈ క్షణం కోసం గైడ్‌ని ముందు నడవనివ్వకండి, మీరే ముందు నడవండి.

ఎక్కడానికి పాత రాతి మెట్లు వాడనివ్వరు, పక్కన చెక్క మెట్లు కట్టారు, ఆగి ఆగి ఎక్కితే అరవై దాటినవాళ్ళు కూడా ఎక్కొచ్చు, మోకాళ్ళ నొప్పులుంటే వద్దు. అమ్మ కింద చెట్టు నీడన కూర్చుంది, నాన్న ఎక్కాడు. పైన ఒకప్పుడు త్రిభువనేశ్వరుడి పేరుతో పెద్ద లింగం ఉండేది, ఇప్పుడు లేదు. చుట్టూ కనుచూపు మేర అడవి. నాన్న ద్రాక్షారామం, సామర్లకోట గుళ్ళలో రెండంతస్తుల లింగాన్ని మేడ ఎక్కి దర్శనం చేసుకుంటూ పెరిగిన మనిషి, పైకొచ్చి ఊపిరి తీసుకుని "మనోళ్ళు రెండు అంతస్తులతో ఆపారు, వీళ్ళు ఏడు ఎక్కించారు" అన్నాడు. తర్వాత ఆలోచిస్తే కాలం కూడా దగ్గరదగ్గరే, ఆ రెండు గుళ్ళు కట్టించాడని చెప్పే చాళుక్య భీముడిది తొమ్మిదో శతాబ్దం చివర, పదో శతాబ్దం మొదలు. ఒకరికొకరు సంబంధం ఉందని కాదు, ఊరికే అనిపించింది.

పిరమిడ్ అయ్యాక చాలామంది గైడ్లు "ఇంక భోజనం" అంటారు. కాదనండి. కారెక్కి లోపలి రోడ్డు చుట్టూ తిరగమనండి, ఇంకో గంట. రోడ్డు పక్కన లింగాల గుళ్ళు వరసగా వస్తాయి, ప్రసాత్ థ్నెంగ్ లాంటివి. లోపలికి తొంగి చూస్తే మనిషెత్తు లింగం, దాని కింద పానవట్టం, అభిషేకం నీళ్ళు గోడలోంచి బయటికి పోయే సోమసూత్రం. బయటి దేశాలవాళ్ళకి గైడ్ ఇదంతా పావుగంట చెప్పాలి, మనం చూడగానే నీళ్ళు ఏ వైపు వస్తాయో వెతుక్కుంటూ గోడ పక్కకి పోతాం. మా గైడ్ నవ్వి "ఇండియన్స్ అందరూ ఇలాగే చేస్తారు" అన్నాడు.

చివరగా ప్రసాత్ చెన్. చిన్న పాడుబడ్డ గుడి, పిరమిడ్ చూసొచ్చిన కళ్ళకి ఏమీ ఆనదు. కానీ ఇక్కడ గోపుర ద్వారంలో భీముడు, దుర్యోధనుడు గదాయుద్ధానికి దిగే ఘట్టం మొత్తం రాతి విగ్రహాలుగా నిలబెట్టారు, చుట్టూ చూస్తున్నవాళ్ళతో సహా, బలరాముడు కూడా ఉన్నాడు. ఆటలో అరుగు చుట్టూ జనం కూర్చున్నట్టు ఊహించుకోండి. ఇంకో ద్వారం దగ్గర వాలి సుగ్రీవుల కుస్తీ. 1970ల్లో అంతర్యుద్ధం టైంలో దొంగలు విగ్రహాల్ని చీలమండల దగ్గర నరికి తీసుకుపోయారు, పాదాలు పీఠాల మీద మిగిలిపోయాయి. దుర్యోధనుడు తేలింది ఎక్కడో తెలుసా, 2011లో న్యూయార్క్‌లో వేలానికి. ఇక్కడ మిగిలిన పాదాలు ఆ విగ్రహానికి సరిపోయాయి, కేసు నడిచింది, 2014లో దుర్యోధనుడు, భీముడు, బలరాముడు ముగ్గురూ తిరిగొచ్చారు. ఇప్పుడు ఫ్నోమ్ పెన్ నేషనల్ మ్యూజియంలో ఉన్నారు. కాబట్టి ప్రసాత్ చెన్‌లో మీరు చూసేది ఖాళీ జాగా మాత్రమే. ఎవరు ఎక్కడ నిలబడేవారో గైడ్‌ని మనిషిని నిలబెట్టి చూపించమనండి, మావాడు నన్ను దుర్యోధనుడిని చేశాడు, నాన్న భీముడు.

ఒక జాగ్రత్త, ఇది నవ్వులాట కాదు. ఈ ప్రాంతంలో యుద్ధం నాటి మందుపాతరలు ఉండేవి. గుళ్ళ చుట్టూ తీసేశారు, కానీ అడవి మొత్తం ఎవరూ గాలించలేదు. పుర్రె బొమ్మతో ఎర్ర బోర్డు కనిపిస్తే వెనక్కి తిరగండి. మంచి ఫోటో వస్తుందని, లేదా అర్జెంటు అని చెట్ల చాటుకి మాత్రం పోకండి, నలిగిన బాట దాటొద్దు. టాయిలెట్లు ప్రసాత్ థోమ్ ఎదురుగా కొట్ల దగ్గర ఉన్నాయి.

భోజనం

ఆ కొట్ల దగ్గరే. రేకుల షెడ్లు, ఊయలలు, కోళ్ళు. అన్నం, ఆమ్లెట్, తూటికూర వేపుడు అడగండి, మెనూలో మార్నింగ్ గ్లోరీ అని ఉంటుంది. కొబ్బరిబోండాలు చల్లగా దొరుకుతాయి. గైడ్, డ్రైవర్ వేరే బల్ల దగ్గర తింటారు, పిలిచినా మొహమాటపడతారు, బలవంతం చేయొద్దు. పన్నెండున్నరకల్లా లేవండి.

బెంగ్ మీలియా

కో కేర్ నుంచి గంటా పావు. కారులో అందరూ నిద్రపోతారు, పోనివ్వండి.

బెంగ్ అంటే చెరువు, మీలియా అంటే మన మాలే. పన్నెండో శతాబ్దం మొదటి భాగం, ఆంగ్కోర్ వాట్ కట్టిన కాలపు పనితనమే, ప్లాన్ కూడా దాని పోలికే, కానీ ఇక్కడ శాసనం దొరకలేదు కాబట్టి శైలి చూసే కాలం చెప్పారు. తేడా ఏంటంటే దీన్ని పెద్దగా బాగుచెయ్యలేదు. ఆంగ్కోర్ వాట్ కూలిపోతే ఎలా ఉంటుందో అదే ఇది.

కందకం దాటే దారిలో రెండు వైపులా నాగుల కంచె, పడగ విప్పిన నాగేంద్రుడి తల దగ్గర ఆగండి, పొలుసులు, పడగ మీద నగలు ఇప్పుడు చెక్కినట్టున్నాయి. లోపల చెక్క వంతెన మీద నడవాలి, కింద కొండల్లా పడిపోయిన రాళ్ళు. ఇక్కడ గైడ్‌ని ఒకటి అడగండి, ఎందుకు కూలింది అని. ఖ్మేర్ శిల్పులు కమాను కట్టలేదు, రెండు వైపుల నుంచి రాయి మీద రాయి కొంచెం కొంచెం ముందుకి జరుపుతూ పైన కలిపేసేవాళ్ళు, మధ్యలో సున్నం లేదు, గార లేదు, బరువు మీదే నిలబడాలి. ఆ సందుల్లో ఒక మర్రి విత్తనం పడిందంటే ఇంక వందల ఏళ్ళు పైకప్పుని అదే నెమ్మదిగా తోసుకుపోతుంది. పడిన రాళ్ళ మీద గుండ్రటి చిల్లులు కనిపిస్తాయి, అవి కులేన్ కొండల్లోని క్వారీల నుంచి రాళ్ళు మోసుకొచ్చినప్పుడు పట్టుకోడానికి వేసినవి. ఇది తెలిశాక ఆ రాళ్ళ గుట్ట రాళ్ళ గుట్టలా కనిపించదు.

ద్వారాల మీద చెక్కడాల్లో సీత అగ్నిప్రవేశం ఉంది, సముద్ర మథనం ఉంది, గైడ్ చెప్పకుండా మీరు వెతకండి, పిల్లలుంటే వాళ్ళకి పందెం పెట్టండి. మోసం ఏంటంటే సగం చెక్కడాలు కిందపడి తలకిందులుగా ఉన్నాయి. రాళ్ళ మీదకి ఎక్కడం మాత్రం ఇప్పుడు ఒప్పుకోరు, వంతెన మీదే ఉండండి, ఎవరో "రండి, లోపల ఇంకో గది చూపిస్తా" అని చెయ్యి పట్టుకు తీసుకుపోయి తర్వాత డబ్బులు అడుగుతారు. గంటన్నర పెట్టుకోండి. చివరి అరగంట గైడ్‌ని బయట కూర్చోమని మీరు ఒక్కరే తిరగండి, పక్షుల అరుపులు తప్ప ఏమీ వినిపించవు.

తిరుగు దారి

నాలుగింటికి బయల్దేరితే చీకటి పడకముందే ఊళ్ళో ఉంటారు. చీకటి పడ్డాక ఆ రోడ్ల మీద లైట్లు లేని ట్రాక్టర్లు, దార్లో పడుకున్న గేదెలు, వద్దు. ఇంకొంతమంది చేసే పని కూడా చెప్తా, అదే సాయంత్రం ఫ్లైట్ పెట్టుకుంటారు. కొత్త ఎయిర్‌పోర్ట్ 2023లో తెరిచారు, ఊరికి తూర్పున దూరంగా, అంటే మీరు తిరిగొచ్చే వైపే, సామాను కారులో వేసుకుని పోతే నేరుగా అక్కడ దిగొచ్చు. రాత్రి ఎనిమిది తర్వాత ఫ్లైట్ అయితే సరే. కానీ ఒంటి నిండా ఎర్ర దుమ్ముతో విమానం ఎక్కాలి, మీ ఇష్టం.

టిప్ గైడ్‌కీ డ్రైవర్‌కీ విడివిడిగా, వాళ్ళ చేతికే ఇవ్వండి, ఒకరికిచ్చి పంచుకోమనొద్దు. రెండు చేతులతో ఇచ్చి "అకున్", అంటే థాంక్స్, అంటే చాలు.

తర్వాత ఫ్నోమ్ పెన్ మీదుగా వెళ్ళేవాళ్ళైతే నేషనల్ మ్యూజియంకి రెండు గంటలు ఉంచుకోండి. ప్రసాత్ థోమ్‌లో ఉండాల్సిన గరుత్మంతుడు లోపలికి రాగానే ఎదురొస్తాడు, వాలి సుగ్రీవులు అక్కడే. ప్రసాత్ చెన్‌లో తీసిన ఖాళీ జాగా ఫోటో ఫోన్లో ఉంచుకుని దుర్యోధనుడి ముందు నిలబడి, చీలమండల దగ్గర ఆ అతుకు చూడండి.